వానక్క సప్తమసోపాన విజయం

ఎవ్వని స్పర్శమాత్రముచేత ఇరువదినాలుగేండ్లు నిలిచిన నామధేయము సైతము పొడిపొడియై బల్లమీద రాలి, ఉఫ్ఫని ఊదినంతనే గాలిలో కలిసిపోవునో, ఎవ్వడు పెద్దగుమాస్తాగారి సొరుగునందు గుండుసూదుల పరివారమధ్యమున శ్వేతదేహుడై పవళించి మూడు నెలలకొకమారు మాత్రమే మేల్కొనునో, ఆ రబ్బరుముక్కకు ముందుగా ఒక నమస్కారము. దానికి కోపం వస్తే మన కథానాయిక పేరే మిగలదు, అందుకని ఈ మర్యాద. అటుపిమ్మట ఫైళ్ళు కట్టు ఎర్రతాడుకును, తేదీ సగమే పడు ముద్రకును, సకల కార్యాలయ సంకటహరమగు "చూశాను" అను త్ర్యక్షరీ మహామంత్రమునకును వేర్వేరుగా నమస్కరించి కథలోనికి పోదము.

కాలమందురా, వ్యాజ్యము వేసి పదునాలుగేండ్ల మూడు నెలలైన కాలము. ఋతువందురా, పదునొకండు దినములుగా చుక్క రాలని ఋతువు. వేళయందురా, ఫ్యాను తిరుగుచున్నదో ఆగుచున్నదో ఫ్యానుకే తెలియని మధ్యాహ్నవేళ. అట్టి శుభసమయమున, ఒకానొక ప్రభుత్వ కార్యాలయము వెనుక, సైకిళ్ళ షెడ్డును ఆనుకొని, తలుపు తెరిస్తే బీరువా అడ్డము, బీరువా తెరిస్తే తలుపు అడ్డము అయ్యే ఒక గదియందు "వర్షపాత నమోదు తాత్కాలిక పథకము" అను మహాసంస్థ విరాజిల్లుచుండెను. పదకొండు నెలల కోసం పుట్టిన పథకమది. ఇరవైనాలుగేళ్ళు వచ్చినా ఇంకా పసిపిల్లే. ఈలోగా బోర్డుకు మూడుసార్లు రంగు వేశారు, మూడుసార్లూ "తాత్కాలిక" అన్న మాటకే రెండు పూతలు ఎక్కువ పడ్డాయి.

ఆ గదికి దీపమై, వృష్టిప్రమాణవేదినియై, నిత్యసోపానారోహణధీరయై, గాలివానలతో జరిగిన ఘోరసమరములలో తొమ్మిది గొడుగులను కోల్పోయియు వెన్ను చూపని వీరాంగనయై ఒక నారీరత్నము వెలుగొందుచుండెను. అంటే ఎవరో అనుకునేరు. యాభై ఏడేళ్ళ ఆవిడ, పొట్టి మనిషి, నడిస్తే చెప్పులు టపటపలాడతాయి. అందరూ వానక్క అంటారు. రోజూ ఉదయం ఎనిమిదిన్నరకు వెనకగోడకు బిగించిన ఇనపనిచ్చెన ఎక్కి, మేడమీది వానకొలత డబ్బాలో పడ్డ నీళ్ళను గాజుగొట్టంలో పోసి, కంటికి ఎదురుగా పట్టుకుని చూసి, కిందికి దిగి, రిజిస్టరులో అంకె వేయడం ఆవిడ పని. వాన పడినా ఎక్కాలి, పడకపోయినా ఎక్కాలి. పడకపోతే సున్నా వేయాలి. ఆ సున్నా వేయడానికీ మనిషే ఎక్కాలి కదా.

అయితే తాత్కాలికులకు సంతకార్హత లేదని ఆ రాజ్యమునందొక శాసనము కలదు. కాబట్టి అంకె వానక్కది, పక్కన సంతకం పెద్దగుమాస్తాగారిది. ఆ మహానుభావుడు ఏ కాగితమును ముందుంచినను కన్నెత్తి చూడకయే "చూశాను" అని వ్రాసి, క్రింద తోకవంటి గీత నొకదానిని లాగు విద్యయందు అద్వితీయుడు. టీ కొట్టువాడు మెనూ కాగితం పొరపాటున బల్లమీద పెడితే దానిమీదా "చూశాను" రాశారు. ఆ కాగితం ఇప్పటికీ కొట్లో వేలాడుతోంది.

ఇక ఆ కార్యాలయమందలి పరమ రహస్యమైన కర్మకాండ నొకదానిని విన్నవించెదను, చెవి ఇటు పారేయండి. తొంభై దినములు ఎడతెగక పనిచేసినవానికి హక్కు పుట్టునట. హక్కు పుట్టుట మహాప్రమాదము. కావున పర్మనెంటువారి పేర్లు హాజరుపట్టీలో సిరాతోను, తాత్కాలికుల పేర్లు పెన్సిలుతోను వ్రాయబడును. ఎనభైతొమ్మిది దినములు నిండి తొంభయ్యవ దినము ఉదయించినంతనే పెద్దగుమాస్తాగారు సొరుగు తెరిచి, రబ్బరు తీసి, మోచేయి బల్లకానించి, ఆ పేర్లను చెరిపివేయుదురు. మరునాడు తిరిగి పెన్సిలుతో వ్రాయుదురు. ఆ లెక్కన వానక్క ఆ ఆఫీసులో తొంభై ఏడుసార్లు పోయి, తొంభై ఏడుసార్లు పుట్టింది.

మేఘములకు మాత్రము ఎనభైతొమ్మిదియని తొంభైయని పక్షపాతము లేదు. అందుచేత ప్రతి తొంభయ్యవ దినమునను ఇట్టి సంవాదము జరుగుచుండెను.

"వానక్కా, ఇవాళ నువ్వు లేవు."

"సరేనండి."

"కానీ ఒక్కసారి పైకెళ్ళి చూసి రా."

"లేని మనిషిని ఎలా ఎక్కమంటారండీ?"

"ఎక్కేటప్పుడు ఉంటావులే. దిగాక ఉండవు."

ఆమె ఎక్కి దిగి అంకె చెప్పేది. ఆయన వేసుకుని "చూశాను" అని రాసుకునేవారు. తర్వాత ఆమె గోడవారగా బల్లమీద కూర్చుని సాయంత్రం దాకా లేకుండా ఉండేది.

ఆ పట్టీలో పెన్సిలు పేర్లు ఒకప్పుడు మూడు. వానక్క, డ్రైవర్ బాబాయి, వాచ్‌మన్ మామయ్య. డ్రైవర్ బాబాయి జీపు తొమ్మిదేళ్ళుగా నాలుగు ఇటుకల మీద నిలబడి ఉంది. అయినా ఆయన రోజూ వచ్చి అద్దం తుడుస్తాడు, ఎప్పుడు అవసరం పడుతుందోనని. వాచ్‌మన్ మామయ్య మూడేళ్ళ కిందట ఒక ఎనభైతొమ్మిదో రోజున కుర్చీలోనే కన్నుమూశాడు. మర్నాడు పద్ధతి ప్రకారం పేరు చెరిపారు, ఆ మర్నాడు రాయడానికి మనిషి లేడు. పట్టీని కిటికీ వెలుగుకు ఏటవాలుగా పట్టుకుంటే పెన్సిలు నొక్కిన గాట్లు ఇంకా కనిపిస్తాయి. వానక్క అప్పుడప్పుడూ అలా పట్టుకుని చూసేది. చూసిన రోజు అన్నం సహించేది కాదు.

ఆమె భయమల్లా అదే. ఇంకో ఎనిమిది నెలల్లో యాభై ఎనిమిది నిండుతాయి. నిండిననాడు పెద్దగుమాస్తాగారు చివరిసారి రబ్బరు తీస్తారు. ఇరవైనాలుగేళ్ళ వానలు పుస్తకంలో ఉంటాయి, వాటిని చూసింది ఫలానా మనిషి అని ఒక్క అక్షరం ఉండదు. పద్నాలుగేళ్ళ కిందట "మమ్మల్ని పర్మనెంటు చేయండి" అని ముగ్గురూ కలిసి కోర్టుకెళ్ళింది ఇందుకే. కాళ్ళరిగేలా తిరిగారు. ఆఫీసువారు మాత్రం చల్లగా "వీరి సేవ తొంభై రోజులకొకసారి తెగిపోతోంది, తెగినదాన్ని ఎలా అతికిస్తాం?" అని జవాబిచ్చి కూర్చున్నారు.

ఇట్లుండగా, రేపటి వాయిదాయే తాడో పేడో తేల్చునదనియు, ఇది తప్పినచో మరల ఏడాది పిమ్మటగాని పిలుపు రాదనియు వకీలమ్మ కబురంపెను. వకీలమ్మ చిన్నపిల్ల. ఈ కేసు వేసిననాటికి ఆమె బళ్ళో ఎక్కాలు వల్లిస్తోంది. ముసలి వకీలుగారి దగ్గర చేరింది, ఆయన రిటైరయ్యాక ఆయన కుర్చీతోపాటు ఈ కేసూ ఆమెకు వచ్చింది.

"అక్కా, జడ్జిగారు అడుగుతున్నది ఒక్కటే. ఆ తొంభయ్యో రోజుల్లో కూడా మీరే పనిచేశారని రుజువేదీ? పెద్దగుమాస్తాగారు ఆ తొంభై ఏడు రోజులూ తానే మేడెక్కి కొలిచానని ప్రమాణపత్రం దాఖలు చేశారు. సంతకాలు చూస్తే ఆయనవే."

"నేనే ఎక్కానమ్మా. వానకి తెలుసు."

"వానని బోనెక్కించలేం కదక్కా," అని నిట్టూర్చింది వకీలమ్మ.

ఆ సాయంసమయమున, పరాజయభారనమ్రశిరస్కయై ఇల్లు చేరిన ఆ వీరాంగనను గుమ్మముకడనే అడ్డగించిన శక్తిస్వరూపిణి ఎవరందురా? అశీతివర్షదేశీయ, దంతవిహీనయయ్యు వాగ్బాణములకు లోటెరుగని జగదేకవాచాల, అత్తగారు. కోడలు ఉద్యోగంలో చేరిన నెలనుంచే ఆవిడ కోడలిని పేరుతో పిలవడం మానేసింది.

"ఏమే టెంపరరీ, మొహం అలా వేలాడేశావు?"

"రేపు వాయిదా అత్తయ్యా. ఆ తొంభయ్యో రోజుల్లో మేడెక్కింది నేనేనని రుజువు కావాలట. పెద్దగుమాస్తాగారు తానే ఎక్కానని రాసిచ్చారు."

"ఎవరూ, ఆయనా?" అత్తగారికి నవ్వాగలేదు. "ఆ మధ్య మనింటికి వచ్చినప్పుడు వాకిట్లో మూడు మెట్లెక్కడానికి నా చెయ్యి పట్టుకున్నాడే! నేనేమో నా చెయ్యి ఎవరైనా పట్టుకుంటారా అని చూస్తున్నా. ఇద్దరం కలిసి పడాల్సినవాళ్ళం."

మూలన కుట్టుమిషను తొక్కుతున్న వానక్క భర్త "ఊఁ" అన్నాడు. ముప్ఫై ఏళ్ళ కాపురంలో ఆయన అన్ని విషయాల మీదా వెలిబుచ్చిన అభిప్రాయం అదే.

"మరి ఏడో మెట్టు దగ్గర ఏం చేశాడటే?" అంది అత్తగారు.

"ఏడో మెట్టా?"

"అదేనే, పదకొండేళ్ళ కిందట తుప్పుపట్టి ఊడితే నీ మోకాలు చెక్కుకుపోయింది చూడు. బాగు చేయించండి మహాప్రభో అని ఆరునెలలకో కాగితం రాస్తూనే ఉన్నావు కదా. ఆయనే గనక ఎక్కుతూ ఉంటే మొదటి రోజే పడేవాడు, రెండో రోజే బాగు చేయించుకునేవాడు."

కుట్టుమిషను ఆగిపోయింది. భర్త తలెత్తి "అవును" అన్నాడు. అభిప్రాయం మార్చుకోవడం అదే మొదటిసారి.

ఆహా! ఏ మహారథుల ఆయుధశాలయందును దొరకని ఆ దివ్యాస్త్రము ఇరువదిరెండు ముక్కలుగా విడివడి, మంచము క్రింది రేకుపెట్టెలో, పాత రవికెగుడ్డల నడుమ పదకొండేండ్లుగా నిద్రించుచుండెను! తాత్కాలికులు సంతకం పెట్టదగిన కాగితం ఆ ఆఫీసులో ఒక్కటే, అర్జీ. రెండు ప్రతులు ఇస్తే ఒకటి వాళ్ళుంచుకుని, రెండోదాని మీద అందినట్టు రాసి తిరిగిస్తారు. "అయ్యా, మేడ నిచ్చెనకు ఏడవ మెట్టు లేదు, దయచేసి వేయించవలెను" అన్న ఆ ఇరవైరెండు ప్రతులమీదా, ప్రతిదాని కిందా, తోకగీతతో సహా ఒకే మాట ఉంది. "చూశాను." వానక్క వాటిని నేలమీద పరిచి, మోకాళ్ళమీద కూర్చుని, ఒక్కొక్కటే లెక్కపెట్టింది.

అంత మరునాడు న్యాయస్థానరంగము! నల్లకోటుల ఘనఘటలు క్రమ్ముకొనగా, కాగితముల రెపరెపలు ఝంఝామారుతమును మరపింపగా, బంట్రోతు కంఠధ్వానము పిడుగై పడగా, ఉదయము పది గంటలకు సన్నద్ధులైన మన యోధులు మధ్యాహ్నము మూడున్నర వరకు చెక్కబల్లమీద కూర్చుండి ఘోరమైన ఆవలింతలతో పోరాడిరి. డ్రైవర్ బాబాయి రెండుసార్లు నిద్రలోకి జారి, రెండుసార్లూ గేరు మార్చాడు. ఎట్టకేలకు వారి కేసు పిలిచారు.

ప్రభుత్వ వకీలు మహోన్నతకాయుడై లేచి, "ధర్మాసనమా! తెగిన దారమును తెగలేదనుటయా? చెరిగిన నామమును చెరగలేదనుటయా? ఈ పట్టికను కటాక్షింపుడు! తొంభైయేడు తావులందు శూన్యము! శుద్ధ శూన్యము!" అని గర్జించి, హాజరుపట్టీని ఎత్తి చూపి, కూర్చుండబోయి కుర్చీ కొంచెం అవతల ఉండటంచేత తడబడి, సర్దుకుని కూర్చుండెను.

వకీలమ్మ పెద్దగా గర్జించలేదు. పెద్దగుమాస్తాగారిని ఒక్క నాలుగు ప్రశ్నలు అడగనివ్వమంది. న్యాయమూర్తి కళ్ళజోడు పైకి తోసుకుని సరేనన్నారు.

"అయ్యా, ఆ తొంభై ఏడు రోజులూ మేడెక్కింది మీరేనా?"

పెద్దగుమాస్తాగారు ఎక్కానంటే ఒక గొయ్యి, ఎక్కలేదంటే ప్రమాణపత్రం గొయ్యి. ఆయన కాస్త నీళ్ళు నమిలి మొదటిదాన్నే ఎంచుకున్నారు. "నేనేనండి. సంతకాలు నావే కదా."

"నిచ్చెనకు ఎన్ని మెట్లు?"

"పదిహేను." ఆ సంఖ్య సామాన్ల పట్టీలో ఉంది, ఆయనకు కంఠతా వచ్చు.

"ఏడో మెట్టు ఎలా ఉంటుందండీ?"

"ఏడో మెట్టేమిటి ప్రత్యేకంగా? అన్నిటిలాగే ఉంటుంది. దృఢంగా. ఇనుము కదా."

అప్పుడు, ఓ శ్రోతలారా, ఆ వకీలమ్మ ఇరువదిరెండు అర్జీలను ఒక్కొక్కటిగా, తొందర లేకుండా, పేకముక్కలు వేసినట్టు న్యాయమూర్తి బల్లమీద వేసెను. పదో కాగితం పడేసరికి ప్రభుత్వ వకీలు కుర్చీలోంచి లేవడం మానుకున్నాడు. పదిహేనో కాగితం పడేసరికి పెద్దగుమాస్తాగారి నుదుట చెమట పట్టింది. ఇరవైరెండో కాగితం చదివి న్యాయమూర్తి మెల్లగా తలెత్తారు.

"ఇది మీ రాతేనా?"

"నాదేనండి."

"చూశాను అని రాశారు."

"రాశానండి."

"ఏం చూశారు?"

ఈ ప్రశ్నకు ముప్ఫై ఒక్క ఏళ్ళ సర్వీసులో పెద్దగుమాస్తాగారికి ఎవరూ జవాబు నేర్పలేదు. ఆయన ఆ కాగితం వంక చూశారు. బహుశా మొదటిసారి చదివారు కూడా.

న్యాయమూర్తి వానక్క వైపు తిరిగి "అమ్మా, ఆ నిచ్చెనకు ఎన్ని మెట్లు?" అని అడిగారు.

"పదిహేను ఉండేవండి. పదకొండేళ్ళుగా పద్నాలుగు మెట్లూ ఒక బెల్టూ."

"బెల్టా?"

వెనకనుంచి డ్రైవర్ బాబాయి లేచి నిలబడ్డాడు. "జీపుదండి. సీటు బెల్టు. అక్క పడిందని కోసి కట్టాను. జీపు ఎలాగూ కదలదు కదండీ, లోపల కూర్చున్నవాడికి ప్రమాదమేం లేదు."

కోర్టులో ఎవరో నవ్వి దగ్గుగా మార్చుకున్నారు. "మీరేమైనా చెప్పుకోవాలా?" అని న్యాయమూర్తి మళ్ళీ వానక్కనే అడిగారు.

ఆ క్షణమున ఆ వీరాంగన కన్నులు నిప్పులు రాల్ప, కొంగు నడుమునకు బిగించి, "ధర్మమూర్తీ! ఇరువదినాలుగు వర్షముల వర్షములను ఈ కన్నులతో కొలిచితిని! పిడుగులకు వెరవనైతిని, వడగండ్లకు తలవంపనైతిని! నేడు ఒక రబ్బరుముక్క నన్ను జయించుటయా?" అని సింహనాదము చేసియుండవలసినది. చేసి ఉంటే నాకూ చెప్పుకోవడానికి బాగుండేది. ఆవిడ అసలు అన్న మాటలు ఇవి.

"ఆయన్ని ఏమీ అనకండి సార్. ఆయనకి మెట్లంటే భయం. నాకు తెలుసు, చాలాఏళ్ళ నుంచీ తెలుసు. నా పేరు మాత్రం ఇక చెరపకుండా చూడండి. అంతే."

అని కూర్చుంది. పెద్దగుమాస్తాగారు తల వంచుకుని బోను కర్రను వేలితో రుద్దుతూ నిలబడ్డారు.

న్యాయమూర్తి అక్కడికక్కడే ఉత్తర్వు చెప్పారు. పర్మనెంటు చేయాలా వద్దా అన్నదానిమీద ప్రభుత్వం మూడు నెలల్లో జవాబు చెప్పాలి. ఈలోగా వీళ్ళ సేవను తెంచకూడదు, పేర్లు హాజరుపట్టీలో సిరాతో రాయాలి, వాన ఎవరు కొలిస్తే వాళ్ళే సంతకం పెట్టాలి. చివర్లో "చూశాను అని రాసేవారు ముందు చూడాలి" అని కూడా రాయించారు. ఆ ముక్క రాసుకుంటూ కోర్టు గుమాస్తా పిల్ల నవ్వు ఆపుకోలేకపోయింది.

ఇంటికి రాగానే అత్తగారు గుమ్మంలోనే పట్టుకుంది. "ఏమే, పర్మనెంటు అయ్యావా?"

"లేదత్తయ్యా. మూడు నెలలకు వాయిదా."

"మరి మొహం అలా వెలిగిపోతోందేం?"

"పేరు సిరాతో రాస్తారట."

అత్తగారు ఈ సంగతిని కాసేపు దవడల మధ్య అటూ ఇటూ తిప్పింది. "ఏ రంగు?"

"నీలం అత్తయ్యా."

"నలుపైతే ఇంకా గట్టిగా ఉండేది. పోనీలే." అని లోపలికి నడుస్తూ, "ఏమయ్యా, విన్నావా, నీ పెళ్ళాం నీలం అయ్యింది," అని కొడుక్కి చెప్పింది. "ఊఁ" అన్నాడాయన. అయితే ఆ రాత్రి భోజనాల ముందే వానక్క జేబురుమాలు అంచుకు నీలం దారంతో చిన్న గీత కుట్టి ఇచ్చాడు.

తొమ్మిది దినములు గడిచెను. పూర్వదిగంతమున భానుబింబము పొడసూపగా, తొంభై ఎనిమిదవదైన తొంభయ్యవ దినము, ఏ దినమున మన నాయిక ఆచారముగా అంతరించవలసియున్నదో ఆ భీకరదినము, భళ్ళున తెల్లవారెను. పెద్దగుమాస్తాగారు ఆఫీసుకు వచ్చి, కుర్చీ లాక్కుని, పట్టీ తెరిచి, ఉత్తర్వు సంగతి గుర్తు ఉండి కూడా, చేతికి గుర్తులేక సొరుగు తెరిచారు. రబ్బరు మేల్కొన్నది! మోచేయి బల్లకానినది! శ్వేతదేహుడగు ఆ మహాసంహారి నీలాక్షరదుర్గముపై విరుచుకుపడి, కీచుకీచుమని రణగీతమాలపించుచు, అటు రుద్ది, ఇటు రుద్ది, ఒడలెల్ల అరిగి, నల్లబడి, ముక్కలై రాలెను. దుర్గము కదలలేదు. వానక్క పేరు వానక్క పేరులాగే ఉంది. తలుపు దగ్గర నిలబడి అదంతా చూస్తున్న డ్రైవర్ బాబాయి ఒక్క మాటన్నాడు.

"నెమ్మదిగా సార్. కాగితం చిరిగితే మళ్ళీ కోర్టుకెళ్ళాలి."

పెద్దగుమాస్తాగారు ఉలిక్కిపడి రబ్బరు వదిలేశారు. కాసేపు ఆ పేరునే చూస్తూ కూర్చున్నారు. ఎనిమిదిన్నరయింది. వానక్క గాజుగొట్టం తుడుచుకుని నిచ్చెనవైపు బయల్దేరింది.

"వానక్కా," అన్నారాయన. "నేనూ వస్తాను. చూడకుండా రాయకూడదన్నారుగా."

"వద్దు సార్, మీకు కళ్ళు తిరుగుతాయి."

"తిరిగితే తిరగనీ."

అనంతరము జరిగిన ఆ పర్వతారోహణమును వర్ణింప నా తరమా? మొదటి మెట్టున ఆయన చెప్పులు విడిచెను. మూడవ మెట్టున కులదైవములను, ఐదవ మెట్టున భార్యను, ఆరవ మెట్టున బీమా ఏజెంటును తలచుకొనెను. ఏడవ మెట్టు లేదు. గాలిలో రంగు వెలిసిన జీపు బెల్టు ఊగుచుండెను. పైనుండి ఒక చేయి క్రిందికి చాపబడెను. పొట్టి చేయి, ముతక వేళ్ళు, గాజుగొట్టం పట్టి పట్టి బొటనవేలు వంకర పోయిన చేయి.

"కిందికి చూడకండి. బెల్టు మీద కాలు పెట్టి, నా చెయ్యి పట్టుకుని ఒక్కసారి లేవండి. అంతే."

"రోజూ ఇలాగేనా?"

"రోజూ ఇలాగే. వానలో అయితే జారుతుంది కూడా."

పెద్దగుమాస్తాగారు కళ్ళు మూసుకుని, ఆ చెయ్యి పట్టుకుని, ఒక్కసారి లేచారు. మేడమీద బోర్లా పడి, కాసేపు అలాగే ఉండి, తర్వాత లేచి బట్టలు దులుపుకున్నారు. చుట్టూ ఇళ్ళకప్పులు, ఆరేసిన దుప్పట్లు, దూరంగా నీళ్ళట్యాంకు. ముప్ఫై ఒక్క ఏళ్ళు పనిచేసిన ఆఫీసు పైనుంచి ఎంత చిన్నదో ఆయనకు అప్పుడే తెలిసింది.

వానక్క డబ్బా మూత తీసింది. లోపలి సీసాను గాజుగొట్టంలోకి వంచింది. ఒక్క చుక్క కూడా రాలేదు. గొట్టాన్ని ఆయన కంటికి ఎదురుగా పట్టుకుంది.

"ఎంత?" అన్నారాయన.

"సున్నా."

"దీనికోసమా ఇంత?"

"సున్నా అని చెప్పడానికీ చూడాలి కదండీ."

రిజిస్టరు ఆమె కొంగులో చుట్టి ఉంది. మేడమీదే, డబ్బా అంచుమీద పెట్టి, గుండ్రంగా, పెద్దగా ఒక సున్నా వేసింది. పక్కన సంతకం గడిలో పెన్ను ఆగింది. ఇరవైనాలుగేళ్ళుగా ఆ గడి ఆమెది కాదు. పెద్దగుమాస్తాగారు రిజిస్టరు కదలకుండా రెండు చేతులా పట్టుకున్నారు. వానక్క నెమ్మదిగా, ఒక్కొక్క అక్షరం, పూర్తి పేరు రాసింది. సిరా ఆరేదాకా ఊదింది. కళ్ళు తుడుచుకోవడానికి నీలంగీత జేబురుమాలు తీసింది.

పెద్దగుమాస్తాగారు పెన్ను అడిగి పుచ్చుకుని, ఆ సంతకం కింద తన మాట రాశారు. తోకగీత లాగలేదు.

కావున సమస్త జనులకు తెలియజేయడమేమనగా, పద్నాలుగేళ్ళ మూడు నెలల మహాసంగ్రామము పిమ్మట, తొమ్మిది గొడుగులును ఒక మోకాలును వ్యయము కాగా, మన వానక్క ఒక సున్నాను జయించెను. ఆమె ఇంకా పర్మనెంటు కాలేదు. జీపు ఇటుకలమీదే ఉంది. ఏడో మెట్టు కోసం పెట్టిన ఇరవైమూడో అర్జీ మీద పెద్దగుమాస్తాగారు "చూశాను, నిజంగానే లేదు" అని రాసి పైవాళ్ళకు పంపారు, పైవాళ్ళు పరిశీలిస్తున్నారు. కానీ మీరెప్పుడైనా ఆ ఆఫీసుకు వెళ్ళి, సైకిళ్ళ షెడ్డు పక్క గదిలో ఆ రిజిస్టరు అడిగితే, ఆ రోజు పేజీ తీసి చూపిస్తారు. అందులో ఇలా ఉంటుంది. వర్షపాతం, సున్నా. కొలిచినవారు, ఆమె పేరు. దాని కింద, తోకగీత లేకుండా, "చూశాను."